పెన్నకూ ఎల్బేకూ మధ్య ఒక గంట

జమ్మలమడుగులో మా ఇంటి ముందు గదిలో యూరప్ పటం ఒకటి వేలాడుతూ ఉంటుంది. వెనక గుడ్డ అంటించిన పాతకాలపు బడి పటం. ప్రొద్దుటూరులో నేను సాంఘికశాస్త్రం చెప్పిన ఉన్నత పాఠశాలలో, అంచులు చిరిగాయని ఒకటి, అందులోని దేశాలు కొన్ని లేకుండా పోయాయని ఒకటి, రెండు కారణాలు చెప్పి దాన్ని మూల పడేస్తే ప్రధానోపాధ్యాయుణ్ణి అడిగి తెచ్చుకున్నాను. దాంట్లో జర్మనీలు రెండు. చెకోస్లోవేకియా ఒకటే. యుగోస్లావియా ఇంకా బతికే ఉంది. తూర్పు దిక్కంతా సోవియట్ యూనియన్ గులాబీ రంగులో పరుచుకుని ఉంటుంది.

ఆ దేశాలు మారిపోయిన సంగతి పటానికి తెలియదు కాబట్టి, తెలియజెప్పే పని నేను పెట్టుకున్నాను. మా పక్కింటాయనకు బజారులో చీరల అంగడి ఉంది. పట్టుచీరల మడతల మధ్య పెట్టే పలుచని తెల్ల కాగితం ఆయన దగ్గర తెచ్చుకుని, కొత్త దేశం ఆకారానికి కత్తిరించి, మైదా జిగురుతో పటం మీద అతికిస్తాను. దాని మీద పేరు నల్ల సిరాతో రాస్తాను. కాగితం పలుచన గనుక కింద పాత పేరూ పాత సరిహద్దు గీతా లీలగా కనబడుతూనే ఉంటాయి. మందపాటి కాగితం వాడితే చూడ్డానికి శుభ్రంగా ఉంటుంది. కాని అక్కడ ఇంతకు ముందు ఏముండేదో కనబడకుండా చేయడం, చరిత్ర చెప్పి జీతం తిన్నవాడికి తగదనిపించింది.

యుగోస్లావియా మీద ఆరు ముక్కలు పడ్డాయి. కొసోవోను మన దేశం గుర్తించలేదు కాబట్టి దాని చుట్టూ పెన్సిలుతో చుక్కలు మాత్రం పెట్టాను. మాసిడోనియా తన పేరుకు ముందు 'ఉత్తర' అన్న మాట చేర్చుకున్నప్పుడు కాగితం మీద కాగితం అంటించాల్సి వచ్చింది. అంటించిన రోజు ఆ సంగతి డైరీలో ఒక వాక్యం రాసుకుంటాను. రాసుకోకపోతే ఆ రోజు భోజనం చేసినట్టు ఉండదు నాకు.

కాగితానికి పోయినప్పుడల్లా పక్కింటాయన ఒకటే మాట అడిగేవాడు.

"ఏం సారూ, ఈ తూరి ఏ రాజ్యం పడిపాయె?"

"పడిపోలేదులేప్పా. పేరు మార్చుకున్యారు."

"మంచిదే. పడిపోయినా కాయితం నాదే, పేరు మార్చుకున్యా కాయితం నాదే."

పదవీ విరమణ తరువాత ఆ పటంతో ఎవరికైనా పని పడుతుందని నేను అనుకోలేదు. పడింది మా చెల్లెలి కూతురికి.

ఆమె పులివెందులలో ఒక ప్రైవేటు ఆసుపత్రిలో స్టాఫ్ నర్సు. మాది నాలుగు తరాల కిందట మిషన్ దొరల కాలంలో క్రైస్తవంలోకి వచ్చిన కుటుంబం. అప్పటి నుంచి టీచరో నర్సో లేని ఇల్లు మాలో లేదు. మా అవ్వ బాలింతలకు సేవ చేసింది, మా చెల్లెలు పల్లెల్లో సూదులు వేసింది, ఈమె ఆపరేషన్ గదిలో నిలబడింది. పని బాగా తెలిసిన మనిషి. కాని ఆమె ఉన్న చోట నర్సు అంటే నర్సు ఒక్కటే కాదు. రోగి పక్క మార్చాలి, మందుల అంగడికి మనిషి రాకపోతే అక్కడ కూర్చోవాలి, బిల్లు దగ్గర పోట్లాట వస్తే సర్దిచెప్పాలి. "ఒక్క పనికి ఒక్క మనిషుండే ఆసుపత్రిలో ఒక్క తూరన్నా పనిజెయ్యాల మామా" అనేది. భర్తకు వేంపల్లె దారిలో చీనీ తోట, అదే బత్తాయి తోట. బోర్లు ఎండిపోయి సగం చెట్లు కొట్టేశారు. ఆమె ముందు పోయి కుదురుకుంటే అతనూ వెనక పోవచ్చని ఇద్దరూ అనుకున్నారు.

జర్మనీలో నర్సులు కావాలని తెలిసి ఆమె ఆ భాష నేర్చుకుంది. డ్యూటీ నుంచి వచ్చి, వంట చేసి, ఫోను ముందర కూర్చుని నేర్చుకుంది. పరీక్ష పాసయింది. నర్సులను పంపించే ఏజెన్సీ వాళ్లు ఒక ఆసుపత్రి ఇంటర్వ్యూ కుదిర్చారు. ఫోనులోనే మాట్లాడటం. మందుల గురించి, గాయాల గురించి అడిగిన వాటికి బాగానే చెప్పింది. చివర్లో వాళ్లలో ఒకామె, ప్రశ్నలాగ కూడా కాదు, మాటవరసకు అడిగిందట: మీరు రాబోయే మా ప్రాంతం గురించి ఏం తెలుసు, చుట్టుపక్కల ఏమున్నాయి అని. మా మేనకోడలికి నోరు పెగల్లేదు. జర్మనీ అనే పేరు తప్ప అది పటంలో ఏ మూల ఉందో తెలియదు. వచ్చేది ఎక్కడికో తెలియని మనిషి వచ్చి నిలబడుతుందా అని వాళ్లు అనుమానపడి వద్దన్నారని తరువాత ఏజెన్సీ అతను చెప్పాడు.

ఇంకొక ఆసుపత్రి ఉంది, అది కూడా తప్పితే మా చేతుల్లో ఏమీ లేదు అన్నాడు.

వారంలో తనకు సెలవు దొరికిన రోజు పులివెందుల నుంచి ముద్దనూరు మీదుగా బస్సెక్కి మా ఇంటికి వచ్చింది. చెప్పులు విడవకుండానే పటం ముందు నిలబడింది.

"మామా, నాకిది నేర్పియ్యి. చిన్నపిల్లోల్లకు జెప్పినట్ల జెప్పు. తప్పు జెప్తే కొట్టు."

"కొట్టేదానికి ఇంగ నాకు శక్తి ల్యాదు. కుచ్చో" అన్నాను.

అట్లా మొదలైంది. వేసవి దాటి వానలు వచ్చేదాకా సెలవు దొరికినప్పుడల్లా వచ్చేది. నేను బడిలో చెప్పినట్టే పాఠాలు విడదీసుకున్నాను. ముందు నీళ్లు, తరువాత కొండలు, ఆ తరువాతే సరిహద్దులు. దేశాల పేర్లు ముందు చెబితే నిలవవు. నది ఎటు పోతుందో తెలిస్తే దాని వెంట ఊళ్లు గుర్తుంటాయి, కొండ ఎక్కడ అడ్డం వచ్చిందో తెలిస్తే రాజులు ఎక్కడ ఆగిపోయారో గుర్తుంటుంది.

ఆ రెండో ఆసుపత్రి ఉన్న ఊరు ఎల్బే నది ఒడ్డున ఉంది. ఆ నది చెక్ దేశపు కొండల్లో పుట్టి జర్మనీలోకి వచ్చి, ఉత్తరానికి పోయి సముద్రంలో కలుస్తుంది. జర్మనీలోకి అడుగుపెట్టే చోట ఇసుకరాతి కొండలను కోసుకుంటూ లోతైన లోయలో పారుతుంది. ఆ లోయ అంచున, నిటారుగా నిలిచిన బండ మీద పాత కోట ఉంది. అది దాటి కిందికి వస్తే మైదానం, మైదానంలో ఊళ్లు. నేను ఇది చెబుతూ ఉంటే ఆమె నన్ను ఆపింది.

"ఇది మన గండికోట గదా మామా."

"గండికోట మనది. ఇది వాళ్లది."

"అదే. ఏరు కొండలు కోసుకోనొస్తాది, పైన కోట ఉంటాది, దాటినంక మైలవరం డ్యాం, ఆడికి దిగువన మనూరు. అంతే గదా."

అంతే. ముప్పై ఏళ్లు పాఠం చెప్పిన నాకు ఆ రెండు లోయలను పక్కపక్కన పెట్టాలని తోచలేదు. ఆ రోజు నుంచి మా పాఠాలకు ఒక దారి దొరికింది. పెన్న కర్ణాటక కొండల్లో పుట్టి మన రాష్ట్రంలోకి వచ్చినట్టే ఎల్బే పక్క దేశంలో పుట్టి వస్తుంది. లక్సెంబర్గ్ మన కడప జిల్లా కంటే చిన్నది, కాని రాజకుటుంబం ఉంది. స్విట్జర్లాండుకు సముద్రం లేదు, మనకూ లేదు, కడప వాళ్లు సముద్రం చూడాలంటే నెల్లూరుకు పోయినట్టు వాళ్లు ఇటలీకో ఫ్రాన్సుకో పోవాలి. జర్మనీ సరిహద్దులు తొమ్మిది. పైన డెన్మార్క్ నుంచి మొదలుపెట్టి గడియారం ముల్లు తిరిగినట్టు చెప్పాలి: పోలండ్, చెక్, ఆస్ట్రియా, స్విట్జర్లాండ్, ఫ్రాన్స్, లక్సెంబర్గ్, బెల్జియం, నెదర్లాండ్స్. ఆమె చేయి తిప్పుతూ చెప్పేది. మా ఇంటామె వంటింట్లో పప్పు మెదుపుతూ వెనక నుంచి అందుకునేది. కొన్నాళ్లకు మా ఇంటామెకే ముందు నోటికి వచ్చింది.

చరిత్ర చెప్పేటప్పుడు ఆ పలుచని కాగితం పనికొచ్చింది. జర్మనీ మీద నేను అతికించిన ముక్క కింద రెండు రంగులూ, మధ్య గీతా కనబడతాయి. రెండో ప్రపంచ యుద్ధం తరువాత దేశాన్ని పంచుకోవడం, రాజధాని మధ్యలో గోడ లేవడం, అన్నదమ్ములు చెరొక పక్క ఉండిపోవడం, చివరికి జనమే ఆ గోడ పగలగొట్టడం, అన్నీ ఆ గీత మీద వేలు పెట్టి చెప్పాను. ఆమె పోబోయే ఊరు గీతకు తూర్పున ఉంది. "ఐతే ఆడుండే ముసలోల్లందురూ ఈ కాయితం కింద పుట్టినోల్లేనన్నమాట" అంది. ఆ మాట నాకు నచ్చి ఆ రోజు డైరీలో రాసుకున్నాను.

గడియారం సంగతి కూడా ఆ వేసవిలోనే వచ్చింది. భూమి ఒక డిగ్రీ తిరగడానికి నాలుగు నిమిషాలు పడుతుంది. మన గడియారానికి ఆధారమైన రేఖ ఎనభై రెండున్నర డిగ్రీల మీద, కాకినాడ దగ్గరగా పోతుంది. జర్మనీ గడియారానికి పదిహేను డిగ్రీల రేఖ, ఆ దేశపు తూర్పు అంచును రాసుకుంటూ పోతుంది. తేడా అరవై ఏడున్నర డిగ్రీలు. నాలుగుతో హెచ్చవేస్తే నాలుగున్నర గంటలు. పటం కింద తగిలించిన నల్లపలక మీద అంతా వేసి చూపించి, కింద రెండు గీతలు కొట్టాను.

"ఫోన్లో మూడున్నరే చూపిస్తాంది మామా" అంది.

"ఫోనుకేం తెలుసు."

"వాల్లు ఎండాకాలంలో గడియారం ఒక గంట ముందుకు తిప్పుకుంటారంట. ఈడ రాసినారు."

మా ఇంటామె వంటింటి గడప దగ్గరికి వచ్చింది. "గడియారం తిప్పితే ఎండ తగ్గుతాదా? తగ్గేటట్లుంటే మనమూ తిప్పుకుందాం. ముందు ఈ ఇంట్లో తిప్పండి."

ఆ సంగతి నేను ఎప్పుడో చదివాను, కాని పాఠంలో లేనిది కాబట్టి మనసులో నిలవలేదు. తప్పు ఒప్పుకుని నాలుగున్నర చెరిపి మూడున్నర అని రాశాను. ముందుకు తిప్పిన వాళ్లు మళ్లీ ఎప్పుడు వెనక్కి తిప్పుతారో కనుక్కోవాలన్న ఆలోచన మాత్రం ఇద్దరికీ రాలేదు. మన దేశంలో గడియారం ఒకసారి సరిచేస్తే బ్యాటరీ అయిపోయేదాకా దాన్ని ముట్టుకోము.

అక్టోబరు చివర్లో ఇంటర్వ్యూ వచ్చింది. సోమవారం, వాళ్ల టైము ప్రకారం ఉదయం పదింటికి. పలక మీద చూసి మనకు మధ్యాహ్నం ఒకటిన్నర అని తేల్చాను. పలక మీద నా చేతిరాత ఉంది కాబట్టి మళ్లీ ఫోను చూసిన వాళ్లు లేరు. పులివెందులలో వాళ్ల వీధిలో కరెంటు నిలకడ లేదని, మా ఇంట్లో ఐతే ఇన్వర్టరు ఉందని ఆమె ఇక్కడికే వచ్చింది. ఆసుపత్రిలో పూట సెలవే ఇచ్చారు. సాయంత్రం డ్యూటీకి మళ్లీ అక్కడ ఉండాలి.

తోటి నర్సు దగ్గర అడిగి తెచ్చిన ల్యాప్‌టాప్‌ను నేను పటానికి ఎదురుగా, ఆమె తల ఎత్తితే పటం కనబడేటట్టు పెట్టాను. ఆమె చూసి కుర్చీ తిప్పేసింది.

"అది కాపీ కొట్టినట్ల అయితాది మామా. పటం నా ఈపు పక్కనుండనీ."

ఫోన్లన్నీ సైలెంటులో పెట్టించి నోరు కట్టేయించాను. ఆమెది కూడా నేనే అడిగి మరీ కట్టేయించాను. మా ఇంటామె కుక్కరు దించేసింది. నేను పక్క గదిలో కూర్చున్నాను.

ఒకటిన్నర అయింది. తెర మీద జర్మన్లో ఒక వాక్యం వచ్చి నిలిచింది. కాసేపట్లో మిమ్మల్ని లోపలికి తీసుకుంటారని దాని అర్థమట. ఆమె చీర కుచ్చిళ్లు సర్దుకుని కూర్చుంది. ఆ కాసేపు కాలేదు. తెర మీద వాక్యం కదల్లేదు. ఏజెన్సీ అతనికి ఫోను చేస్తే ఎత్తలేదు, మెసేజి పెడితే జవాబు లేదు. ఆమె ముఖం చూసి నేను నెట్టు డబ్బా దగ్గర దీపాలు చూసి వచ్చాను. అన్నీ వెలుగుతున్నాయి. మళ్లీ వెళ్లి చూసి వచ్చాను.

పావుగంట చూసి ఆమె ల్యాప్‌టాప్ మూసింది.

"వాల్లకు ఇష్టం ల్యాదు మామా. పోయిన తూరి సంగతి వీల్లకూ తెలిసింటాది. రమ్మని పిలిచి రాకుండా ఉండారంటే అదే గదా."

"ఇంకాసేపు చూస్తాం మ్మే" అంది మా ఇంటామె.

"రెండింటి బస్సు పోతే డ్యూటీ పోతాది అత్తా. ఇదీ పాయె, అది గూడా పోగొట్టుకోమంటావా?"

ఏడవలేదు. అన్నం తినమంటే వద్దంది. ల్యాప్‌టాప్ సంచీలో పెట్టుకుని, వీధి చివర ఆటో ఎక్కి బస్టాండుకు పోయింది. పోయే ముందు పటం వైపు ఒకసారి చూసింది. నాకు ఆ చూపు తట్టుకోవడం కష్టమైంది. వేసవి నుంచి నేను ఆమెకు నదులు, కొండలు నేర్పిందంతా పనికిరాని పని అయిపోయిందని కాదు. ఆమె ఆ ఆసుపత్రి బిల్లు గల్లా దగ్గరకే తిరిగి పోతోందని.

మా ఇంటామె కంచాలు పెట్టింది. నేను కూర్చోలేదు.

"ఎందుకట్ల నిలబడుకుంటావు? ఆడ చలి మొదలైంటాది. ఇంకా దుప్పట్లు తీసి లేసిండరు. మనోల్లయినా చలికాలంలో యాడ లేస్తారు పెందలాడే" అంది. నన్ను నవ్వించాలని అన్న మాట.

నేను నవ్వలేదు. చలికాలం అన్న మాట దగ్గర ఆగిపోయాను. ఎండాకాలం కోసం ముందుకు తిప్పిన గడియారం, ఎండాకాలం పోయాక అక్కడే ఎందుకు ఉంటుంది? పలక దగ్గరికి పోయాను. చెరిపేసిన నాలుగున్నర, తడి గుడ్డతో తుడవలేదేమో, మూడున్నర కింద తెల్లగా కనబడుతోంది. అప్పుడు ఫోను తీసి చూశాను. అక్టోబరు చివరి ఆదివారం నాడు వెనక్కి తిప్పుతారని ఉంది. చివరి ఆదివారం అంటే నిన్న. నిన్న మేము గుడిలో ఆరాధనలో ఉన్నప్పటికే వాళ్లు గడియారాలు తిప్పేసుకున్నారు. అంటే అక్కడ ఇంకా పది కాలేదు. మనకు రెండున్నరకు పది అవుతుంది.

ఆమెకు ఫోను చేశాను. మోగింది, ఎత్తలేదు. మళ్లీ చేశాను. అప్పుడు గుర్తొచ్చింది, దాని నోరు కట్టేయించింది నేనే.

పక్కింటాయన అప్పుడే అంగడి మూసుకుని భోజనానికి వచ్చి మోపెడ్ స్టాండు వేస్తున్నాడు.

"స్టాండు ఎయ్యొద్దప్పా. బస్టాండుకు పోవాల."

"కూడు తిని పోతాం సారూ."

"పులివెందల బస్సు పోతాది."

ఆయన నా ముఖం చూసి బండి వెనక్కి తిప్పాడు. వెనక ఎక్కాను. మూడు సందులు తిరిగి బస్టాండుకు చేరేసరికి బస్సు గేటు దాటుతోంది. పక్కింటాయన మోపెడ్‌ను నేరుగా తీసుకుపోయి బస్సు ముందర అడ్డంగా నిలిపాడు. అంతటి పని చేస్తాడని నేను ఎదురుచూడలేదు. డ్రైవరు బ్రేకు తొక్కాడు. కండక్టరు తల బయటికి పెట్టాడు.

"ఏం సెట్టీ, సావాలనుంటే ఏట్లోకి పో. నా బస్సే దొరికిందా?"

"ఏట్లో నీళ్లు మోకాటికి గూడా ల్యావులేప్పా. మా సారు కోడలుండాది లోపల. దించు."

"ఏమైంది? ఎవురికన్నా బాగలేదా?"

"జర్మనీలో ఇంకా పది కాలేదంట" అన్నాడు పక్కింటాయన. దారిలో నేను అరిచి చెప్పింది ఆయనకు అంతవరకే వినబడింది.

కండక్టరు ఆయన వైపు, నా వైపు మార్చి మార్చి చూశాడు. ఈలోగా కిటికీలో నుంచి నన్ను చూసి ఆమే దిగి వచ్చింది. ఇంట్లో ఏదో జరిగిందనుకుని ముఖం పాలిపోయి ఉంది.

"తిప్పేసినారు మ్మే, నిన్న. గడియారం" అన్నాను.

ఆమె నన్ను చూసింది. తన ఫోను తీసి చూసింది. తెర మీద నా ఫోన్లు వరుసగా ఉన్నాయి. వాటిని పక్కకు తోసి అక్కడి టైము చూసింది. తరువాత మోపెడ్ వెనక కూర్చుంది. నన్ను అక్కడే వదిలేసి ఇద్దరూ వెళ్లిపోయారు. నేను ఆటోలో వచ్చాను. ఎండలో ఆ ఆటోలో కూర్చుని, సాయంత్రం డ్యూటీకి ఆలస్యమవుతుందని ఆమె ఆసుపత్రికి నేనే ఫోను చేసి చెప్పాను. వాళ్లు విసుక్కున్నారు. ఆ రోజు ఎవరు విసుక్కున్నా నాకు బాధ అనిపించలేదు.

నేను వచ్చేసరికి గది తలుపు దగ్గరగా వేసి ఉంది. మా ఇంటామె వరండాలో నిలబడి పెదవుల మీద వేలు పెట్టింది. లోపల నుంచి ఇద్దరు ముగ్గురి గొంతులు వినబడుతున్నాయి. నేను అరుగు మీద కూర్చున్నాను. పక్కింటాయన కూడా ఇంటికి పోకుండా నా పక్కన కూర్చున్నాడు.

నాకు జర్మన్ రాదు. అందుకే తెలిసిన మాట ఎప్పుడు వస్తుందా అని చెవి పెట్టుకుని ఉన్నాను. చాలాసేపు మందుల పేర్ల వంటివి వినబడ్డాయి. తరువాత అటు పక్క నుంచి వయసు మళ్లిన ఆడమనిషి గొంతు ఏదో అడిగింది. పోయినసారి ఇట్లాంటి ప్రశ్న దగ్గరే కదా ఆగిపోయింది అని అరుగు మీద నుంచే తలుపు వైపు వంగాను. అప్పుడు కుర్చీ జరిగిన చప్పుడైంది. తలుపు సందులో నుంచి చూస్తే మా మేనకోడలు ల్యాప్‌టాప్‌ను రెండు చేతులతో ఎత్తి పట్టుకుని పటం దగ్గరికి తీసుకుపోతోంది.

ఆ తరువాత ఆమె చెబితే తెలిసింది. ఆసుపత్రిలో నర్సులందరికీ పెద్ద అయిన ఆమె, మీ వెనక గోడ మీద ఆ తెల్ల కాగితాలేమిటి అని అడిగిందట. మా మేనకోడలు దగ్గరగా చూపించి, ఇది మా మామ పటం, దేశం మారినప్పుడల్లా కాగితం అంటిస్తాడు, పాతది కనబడాలని పలుచనిదే వాడతాడు అని చెప్పిందట. జర్మనీ మీద కాగితం కింద గీత కనబడగానే అటు పక్క ఆమె కళ్లద్దాలు పెట్టుకుని చూసిందట. నేను ఆ గీతకు ఇటువైపు పుట్టాను, నా చిన్నప్పుడు మా పిన్ని అటువైపు ఉండేది అన్నదట.

నాకు వినబడింది మాత్రం వేరే. ఎల్బే అన్న మాట వినబడింది. వెంటనే పెన్న. ఆ తరువాత, జర్మన్ మాటల మధ్యలో, మన ఊరి యాసలోనే, గండికోట.

పక్కింటాయన నా మోకాలు తట్టాడు. "గండికోట అన్యాది సారూ. ఇంటివా?"

"ఇన్న్యా."

"ఐతే అయిపాయెలే పని" అని లేచి అన్నానికి పోయాడు.

చివర్లో లోపల నవ్వులు వినబడ్డాయి. గంట ముందు వచ్చి కూర్చున్నామని ఆమె చెప్పిందట. వాళ్లలో ఒక డాక్టరు, మా ఇంట్లో కూడా ఒక గడియారం తిప్పడం మరిచిపోయి ఈ రోజు అందరం గంట ముందే లేచి కూర్చున్నాం అన్నాడట. తలుపు తీసుకుని బయటికి వచ్చి ఆమె మొదట అన్న మాట, "అత్తా, ఆకలైతాంది." మా ఇంటామె అప్పటికే కలిపి పెట్టిన ముద్ద ఆమె చేతిలో పెట్టింది. వరండాలోనే నిలబడి తినింది. నేను పలక దగ్గరికి పోయి మూడున్నర చెరిపి నాలుగున్నర రాశాను. ఈసారి పక్కన 'మార్చి చివరి ఆదివారం దాకా' అని కూడా రాశాను.

ఆ ఆసుపత్రి నుంచి రమ్మని మాట వచ్చింది. కాగితాలు, వీసా, అన్నీ అయ్యేసరికి మరుసటి ఏడాది వానాకాలం గడిచింది. భర్త చీనీ తోటలో మిగిలిన సగాన్ని తమ్ముడికి అప్పజెప్పి ఆ భాషే నేర్చుకుంటున్నాడు. పులివెందుల నుంచి వచ్చినప్పుడు మా ఇంటామె అతని చేత తొమ్మిది సరిహద్దులూ చెప్పిస్తుంది. నెదర్లాండ్స్ దగ్గర ఎప్పుడూ ఆగుతాడు.

ఆమె పోయిన తరువాత మొదటి ఆదివారం ఫోను చేసింది. నది మీద వంతెన దగ్గర నిలబడి మాట్లాడుతున్నానని చెప్పింది. గాలి చప్పుడు గట్టిగా వినబడుతోంది. పని ఎట్లా ఉందని అడిగాను.

"ఒక్క పనే మామా. నర్సు పనే. బిల్లు యాడ కడతారో గూడా నాకు తెలీదు."

"మరి ఊరు?"

"నువ్వు జెప్పినట్లే ఉండాది. పైన కొండలు, కోట, అన్నీ అట్లే ఉండాయి. ఒకటే నువ్వు తప్పు జెప్పినావు."

"ఏంది?"

"ఇది మన ఏరు మాదిరి ల్యాదు మామా. దీంట్లో నీళ్లుండాయి."